లీడ్ సింగర్ మారితే బ్యాండ్ సౌండ్ ఎందుకు మారుతుంది? పాత పాటల్ని ఏం చేయాలి?

మీరు అడిగినదాంట్లో రెండు ప్రశ్నలున్నాయి. ఒకటి, గిటార్, బేస్, డ్రమ్స్ వాయించేది పాతవాళ్లే అయినా సింగర్ మారగానే అది వేరే బ్యాండ్‌లా ఎందుకు వినిపిస్తుంది అని. రెండోది, మీ బ్యాండ్‌లోకి కొత్త సింగర్ వస్తున్నారు, పాత పాటల్ని ఏం చేయాలి అని. రెండోదానికి జవాబు మొదటిదాంట్లోనే ఉంది కాబట్టి వరసగా చెబుతాను.

సింగర్ మారితే అందరూ గొంతు గురించే మాట్లాడుకుంటారు. ఒకరిది జీర గొంతనీ, ఇంకొకరిది తీగలా సాగే గొంతనీ. నిజానికి వినేవాళ్లు అన్నిటికంటే తొందరగా అలవాటు పడేది దానికే. బ్యాండ్‌ని లోపల్నుంచి మార్చేవి వేరే ఉన్నాయి. కొత్త గొంతు ఏ స్థాయిలో హాయిగా నిలబడుతుంది? రిఫ్‌తో, అంటే గిటార్ మళ్లీ మళ్లీ వాయించే చిన్న వరసతో పాటే నడుస్తుందా, రిఫ్ మీదుగా సొంత దారి పడుతుందా? ఒకే ఊపిరిలో ఒక స్వరాన్ని ఎంతసేపు లాగగలదు? మాటలూ వరసలూ ఎవరు రాస్తున్నారు? వీటిని బట్టి గిటారిస్టు చెయ్యి తనకు తెలియకుండానే మారిపోతుంది. అందుకే సింగర్ మారిన ఆల్బమ్‌ని మొదటిసారి వినేటప్పుడు గొంతు వదిలేసి గిటార్, బేస్ మీదే చెవి పెట్టండి.

దీనికి బ్రిటిష్ హెవీ మెటల్ బ్యాండ్ బ్లాక్ సబ్బాత్‌ని మించిన ఉదాహరణ నాకు కనిపించదు. ఓజీ ఆస్బోర్న్ పాడిన రోజుల్లో వరస చాలాచోట్ల రిఫ్‌ని అంటిపెట్టుకునే ఉంటుంది. 1970 నాటి 'ఐరన్ మ్యాన్' వినండి, గిటార్ ఏ స్వరాలు వాయిస్తుందో గొంతు దాదాపు అవే పాడుతుంది. దానివల్ల రిఫ్‌కి బరువు రెట్టింపవుతుంది, పాట మొత్తం ఒకే దిమ్మలా వచ్చి మీద పడుతుంది. 1979లో ఓజీ వెళ్లి రోనీ జేమ్స్ డియో వచ్చాడు. డియో రిఫ్‌ని అనుసరించడు, దాని మీదుగా వేరే వరస కడతాడు. రిఫ్ ఆగకుండా మోగుతుంటే అలాంటి వరసకి చోటుండదు. 1980లో వచ్చిన 'హెవెన్ అండ్ హెల్' ఆల్బమ్‌లో అదే పేరున్న పాటలో చరణం రాగానే గిటార్ తప్పుకుంటుంది, బేస్, డ్రమ్స్ మాత్రం నడుస్తుంటాయి, ఆ ఖాళీలో డియో పాడతాడు. గొంతు అడిగిన చోటు గిటార్ ఇచ్చింది, అంతే. దానితో పాటు కార్డుల నడకా మారింది, పాటల వేగం పెరిగింది, మాటలు రాసే పని బేసిస్టు గీజర్ బట్లర్ చేతిలోంచి డియో చేతిలోకి వెళ్లింది. టోనీ అయోమీ గిటార్ మాత్రం అదే గిటార్.

ఈ ఒక్క తేడా చెవికి పట్టిందంటే మిగతా బ్యాండ్ల కథ సగం అర్థమైనట్టే. మీ పాటల్లోనూ ఇదే మొదట చూసుకోండి. పాత సింగర్ రిఫ్‌తో పాడేవారా, రిఫ్ మీదుగా పాడేవారా? కొత్తవారు రెండో రకమైతే చరణాల్లో గిటార్ తగ్గించకుండా ఎంత మిక్స్ చేసినా గజిబిజిగానే ఉంటుంది.

తర్వాతది స్థాయి. ఇక్కడ ఐరన్ మెయిడెన్‌ని చూడాలి, ఎందుకంటే దారి తప్పడం ఎలా ఉంటుందో కూడా వాళ్ల దగ్గరే కనిపిస్తుంది. మొదటి రెండు ఆల్బమ్‌లు పాడిన పాల్ డియానోది మధ్య స్థాయిలో గరుకుగా, పంక్ వాసన కొట్టే గొంతు. 1982లో 'ద నంబర్ ఆఫ్ ద బీస్ట్'తో బ్రూస్ డికిన్సన్ వచ్చాక తార స్థాయిలో నిలిచే పొడవాటి వరసలు వచ్చాయి, పాటలూ వాటి కొలతకే పెరుగుతూ పోయాయి. 1994లో బ్లేజ్ బేలీ చేరాడు. అతనిది కింది స్థాయి గొంతు. బ్యాండ్ మాత్రం శ్రుతి దించలేదు, డికిన్సన్ పాటల్ని పాత కీలోనే, అంటే పాట నిలబడే ఆధార శ్రుతి మార్చకుండానే పాడించింది. ఫలితం కచేరీల్లో వినిపించింది. గొంతు సమస్యల వల్ల కొన్ని కచేరీలు రద్దు కూడా అయ్యాయి. 'గొంతు చాలలేదు' అని నింద బేలీ మీద పడింది కానీ, నా లెక్కలో అది బ్యాండ్ నిర్ణయంలో తప్పు. అతని గొంతుకే కట్టిన 'సైన్ ఆఫ్ ద క్రాస్', 'ద క్లాన్స్‌మన్' పాటలు గట్టివి. 1999లో డికిన్సన్ తిరిగొచ్చాక కూడా వాటిని వేదిక మీద పాడాడు. పాట బాగుంది, గొంతు బాగుంది, తప్పయినది జత కూర్చడం.

ఇంకో పొరపాటు వినేవాళ్లలో జరుగుతుంది. సింగర్ మారాక వచ్చిన మొదటి ఆల్బమ్‌ని చూసి తీర్పు చెప్పేస్తారు. చాలాసార్లు ఆ ఆల్బమ్ సంగీతం సింగర్ రాకముందే తయారై ఉంటుంది. ఫెయిత్ నో మోర్ 1989లో తెచ్చిన 'ద రియల్ థింగ్' అలాంటిదే. మైక్ ప్యాటన్ చేరేసరికి సంగీతం దాదాపు సిద్ధం, అతను రెండు వారాల్లో మాటలు రాసి పాడాడు. మరిలియన్‌లో ఫిష్ వెళ్లాక స్టీవ్ హోగార్త్ పాడిన 'సీజన్స్ ఎండ్' సంగీతమూ చాలావరకు ముందే ఉంది. కొత్త గొంతు బ్యాండ్‌ని ఏం చేసిందో తెలియాలంటే రెండో ఆల్బమ్ దాకా ఆగాలి.

దీనికి తిరగబడ్డ పొరపాటు కూడా ఉంది. ఎప్పుడో మొదలైన మార్పుని కొత్త సింగర్ ఖాతాలో వేసేయడం. వాన్ హేలెన్‌లో శామీ హేగర్ వచ్చి సింథసైజర్లు తెచ్చాడనుకుంటారు. కానీ కీబోర్డు మీద నడిచే 'జంప్' 1984 జనవరిలో వచ్చిన ఆల్బమ్‌లోది, అప్పటికి పాడుతున్నది డేవిడ్ లీ రాత్. కీబోర్డు మీద మనసున్నది ఎడీ వాన్ హేలెన్‌కి. హేగర్ వచ్చాక 1986లో '5150'తో దానికి దారి తేలికైంది. జెనెసిస్ కూడా అంతే. 1975లో పీటర్ గేబ్రియల్ వెళ్లాక డ్రమ్మర్ ఫిల్ కాలిన్స్ పాడిన 1976 నాటి 'ఎ ట్రిక్ ఆఫ్ ద టెయిల్' పాత జెనెసిస్‌కి చాలా దగ్గరగా ఉంటుంది. అప్పటికే వెనక పాడుతున్న గొంతే కాబట్టి చెవికి కొత్త అనిపించదు. పాటలు పొట్టిగా, సూటిగా తయారవడం 1977లో గిటారిస్టు స్టీవ్ హ్యాకెట్ కూడా వెళ్లిపోయి ముగ్గురే మిగిలాక ఊపందుకుంది. 'కాలిన్స్ వచ్చి పాప్ చేసేశాడు' అనే వాదనకి తేదీలు సరిపోవు.

మారని వాళ్లూ ఉన్నారు. ఏసీ/డీసీ సింగర్ బాన్ స్కాట్ 1980 ఫిబ్రవరిలో చనిపోయాడు. అదే సంవత్సరం జులైలో బ్రయన్ జాన్సన్ గొంతుతో 'బ్యాక్ ఇన్ బ్లాక్' విడుదలైంది. రెండూ గరుకు గొంతులే అయినా ఒకటి కాదు. స్కాట్ మాట విరిచి కొంటెగా, కథ చెబుతున్నట్టు పాడతాడు. జాన్సన్ పై స్థాయిలో ఒకే బిగువున అరుస్తాడు. అయినా బ్యాండ్ బ్యాండ్‌గానే ఉంది. మాల్కమ్ యంగ్ రిథమ్ గిటార్ చోటు ఇచ్చే పద్ధతిలోనే ఉంటుంది, కొట్టిన కార్డ్ తర్వాత నిశ్శబ్దం, ఆ నిశ్శబ్దంలో గొంతు. 1979 నాటి 'హైవే టు హెల్' చేసిన నిర్మాత మట్ ల్యాంగే ఇక్కడా కొనసాగాడు. పాట చట్రంలో గొంతుకి ముందే గది కట్టి ఉంటే ఎవరు వచ్చినా ఇమిడిపోతారు.

సింగర్ కుర్చీ ఒక్కటే అయినా దానిమీద ఉన్న పనులు ఒకటి కాకపోవచ్చు. ఇండియన్ ఓషన్‌లో అషీం చక్రవర్తి తబలా వాయిస్తూ పాడేవారు. 2009లో ఆయన చనిపోయాక ఆ స్థానంలోకి ఇద్దరు రావాల్సి వచ్చింది, పాడటానికి హిమాంశు జోషి, తాళవాద్యాలకి తుహీన్ చక్రవర్తి. డీప్ పర్పుల్‌లో దీనికి అద్దంలో బొమ్మలాంటి కథ. 1973లో ఇయాన్ గిలన్‌తో పాటు బేసిస్టు రాజర్ గ్లోవర్ కూడా వెళ్లాడు. వచ్చిన డేవిడ్ కవర్‌డేల్ పాడతాడు, బేస్ వాయించే గ్లెన్ హ్యూస్ కూడా పాడతాడు. ఒక గొంతు పోయి రెండు వచ్చాయి, పైగా బేస్ నడక మారింది. 1974 నాటి 'బర్న్', 'స్టార్మ్‌బ్రింగర్'లలో సోల్, ఫంక్ ఛాయలు వచ్చాయంటే సగం కారణం ఆ బేసే. గిటారిస్టు రిచీ బ్లాక్‌మోర్‌కి ఆ దారి నచ్చలేదు, 1975లో వెళ్లిపోయాడు.

హార్మనీని కూడా తక్కువ అంచనా వేస్తారు. ఆలిస్ ఇన్ చెయిన్స్ గుర్తు లేన్ స్టేలీ గొంతొక్కటే కాదు, దానితో గిటారిస్టు జెర్రీ కాంట్రెల్ కలిపే రెండో గొంతు. స్టేలీ 2002లో చనిపోయాడు. విలియం డువాల్‌తో 2009లో 'బ్లాక్ గివ్స్ వే టు బ్లూ' వచ్చినప్పుడు కాంట్రెల్ ముందుకి జరిగి ఎక్కువ పాడాడు, డువాల్ జతగొంతు అయ్యాడు. ఆ రెండు గొంతుల మధ్య దూరం అలాగే నిలవడంతో బ్యాండ్ గుర్తుపట్టేలా మిగిలింది. మీ బ్యాండ్‌లో వెనక పాడేవాళ్లు ఎవరైనా ఉంటే వాళ్ల విలువ ఇప్పుడు తెలుస్తుంది. వాళ్లని కదపకండి.

గాన పద్ధతే మారితే అన్నిటికంటే కష్టం. నైట్‌విష్‌లో టార్యా టురునెన్‌ది ఒపేరా శిక్షణ గొంతు. 2005లో ఆమెని తప్పించాక వచ్చిన ఆనెట్ ఓల్జన్‌ది పాప్, రాక్ తరహా. 2007 నాటి 'డార్క్ ప్యాషన్ ప్లే' ఆమెకి సరిపోయింది కానీ కచేరీల్లో టార్యా పాటలు ఇబ్బంది పెట్టాయి. ఒపేరా పద్ధతిలో తార స్థాయి స్వరం గుండ్రంగా తేలుతుంది. అదే స్వరాన్ని ఛాతీ గొంతుతో పట్టాలంటే తోసినట్టు అవుతుంది. 2012లో వచ్చిన ఫ్లోర్ యాన్సెన్‌కి రెండు పద్ధతులూ చేతనవును కాబట్టి రెండు కాలాల పాటలూ నడిచాయి.

ఇక మీ రెండో ప్రశ్న, అసలు పని.

ముందు కొత్త సింగర్ గొంతుని కొలవండి. 'ఎంత పైకి వెళ్లగలరు' అని అడగడం వృథా, ఒక్కసారి అందుకునే స్వరం కచేరీలో పనికిరాదు. ఇరవై నిమిషాలు ఆపకుండా పాడినా అలసట రాని పరిధి ఏదో ట్యూనర్ యాప్ పెట్టి రాసుకోండి. తర్వాత ప్రతి పాటకీ మూడు విషయాలు పట్టిక కట్టండి. వరసలో అత్యంత పై స్వరం ఏది, అది పాటలో ఎన్నిసార్లు వస్తుంది, ఏ అచ్చు మీద పడుతుంది. మూడోది చాలామంది రాయరు. పై స్వరాల మీద 'ఆ' తెరుచుకుని వస్తుంది, 'ఈ', 'ఊ' లాంటివి చాలా గొంతుల్లో బిగుసుకుపోతాయి. ఒక్కోసారి కీ మార్చకుండా ఒక్క మాట మారిస్తే సరిపోతుంది.

ఈ పట్టికతో పాటలు మూడు కుప్పలవుతాయి: ఉన్నట్టే నడిచేవి, కీ మార్చాల్సినవి, వదిలేయాల్సినవి. మూడో కుప్ప ఖాళీగా ఉందంటే మీరు మొహమాటపడుతున్నట్టే.

కీ దించాల్సినవి ఒకటి రెండు పాటలే అయితే శ్రుతి దించి ఉంచిన రెండో గిటార్ పెట్టుకోండి. చాలా పాటలైతే మొత్తం బ్యాండ్ శ్రుతి దించండి. ఎందుకంటే రిఫ్‌లో ఖాళీ తీగ ఉంటే దాన్ని ఫ్రెట్ బోర్డు మీద వేరే చోటికి జరిపి వాయించడం కుదరదు, రిఫ్ ప్రాణమే పోతుంది. శ్రుతి దించడానికి ఓ ధర ఉంది. ఒక అర స్వరం, అంటే ఒక ఫ్రెట్ దూరం దించితే తీగ బిగువు సుమారు 11 శాతం తగ్గుతుంది, రెండు దించితే 21 శాతం, మూడు దించితే 29. పాత బిగువు నిలవాలంటే ఒక్కో అర స్వరానికి తీగ మందం 6 శాతం పెరగాలి. 10–46 సెట్ (సన్న తీగ, లావు తీగ మందాలు, అంగుళంలో వెయ్యో వంతుల్లో) వాడుతుంటే ఒక అర స్వరం వరకు అదే నడుస్తుంది, రెండు దించితే 11–52, మూడు దించితే 12–54 దగ్గరికి వెళ్లండి. తీగలు మార్చకుండా దించేస్తే మెడ వెనక్కి ఒరుగుతుంది, మొదటి ఫ్రెట్ల దగ్గర తీగ చిటపటలాడుతుంది, గట్టిగా మీటినప్పుడు స్వరం పైకి జారుతుంది. లావు తీగ వేస్తే మెడ చివర తీగలు ఆనే నట్ గాడిలో ఇరుక్కుంటుందేమో చూడాలి, ఇంటొనేషన్, అంటే మెడ పొడవునా స్వరాలు సరిగ్గా పలికే అమరిక, మళ్లీ పెట్టాలి. స్ప్రింగుల మీద కదిలే తేలే బ్రిడ్జ్ అయితే స్ప్రింగులూ సరిచేయాలి. బేస్ రెండు అర స్వరాలకంటే ఎక్కువ దించాల్సొస్తే వదులు తీగలతో కుస్తీ పట్టడం కంటే ఐదు తీగల బేస్ మేలు.

శ్రుతి దించే పెడల్ వాడితే సరిపోదా అంటారు. రెండు మూడు అర స్వరాల వరకు పర్వాలేదు, ఆపైన కార్డులు మసకబారతాయి, మీటడానికీ మోగడానికీ మధ్య చిన్న ఆలస్యం చేతికి తెలుస్తుంది. ఇంకో చికాకు, చిన్న గదిలో తక్కువ శబ్దంతో సాధన చేస్తే అసలు తీగ మోత పాత శ్రుతిలో, స్పీకర్ కొత్త శ్రుతిలో కలిసి వినిపిస్తాయి. సింగర్ శ్రుతి తప్పుతున్నారని అప్పుడు తిట్టకండి.

కీ పైకి వెళ్లాలంటే తీగలు బిగించకండి, మెడ మీద తీగలన్నిటినీ ఒకేచోట నొక్కిపట్టే క్లిప్పు, కేపో పెట్టండి. కీబోర్డుకి ట్రాన్స్‌పోజ్ మీట ఉంటుంది కానీ పాట అయ్యాక దాన్ని సున్నాకి తేవడం మర్చిపోవడమే కచేరీల్లో వినబడే అతి సాధారణ ప్రమాదం. ఆ పాటకి కీబోర్డులో దాచుకున్న సెట్టింగులోనే (ప్యాచ్) ఆ విలువ భద్రపరిస్తే ఆ బెడద ఉండదు. ముందే రికార్డు చేసిన ట్రాక్‌లు వాడుతుంటే మొత్తం ఫైల్ శ్రుతి దించకండి, డ్రమ్స్ దెబ్బ మెత్తబడిపోతుంది. విడివిడి ట్రాక్‌లు తీసి శ్రుతి ఉన్నవాటినే జరపండి.

మగ గొంతు పోయి ఆడ గొంతు వచ్చినా, అటుది ఇటైనా, కీ ఎంత జరపాలో ఒక లెక్క లేదు, మూడు నుంచి ఐదు అర స్వరాల మధ్య వెతకడం మొదలుపెట్టండి. ఒకటి గుర్తుంచుకోండి, లీడ్ గొంతు పైకి వెళ్తే ఇదివరకు దానిపైన ఉన్న హార్మనీకి చోటు పోతుంది. దాన్ని కిందికి దించి మళ్లీ కట్టాలి, లేకపోతే వెనక పాడేవాళ్లు కీచుమంటారు.

మిక్స్‌లో పాత సెట్టింగులు చెరిపేసి మొదలుపెట్టండి. కింది స్థాయి గొంతు 200–400 హెర్ట్జ్ దగ్గర గిటార్, బేస్‌లతో కలిసిపోయి బురదలా అవుతుంది. అప్పుడు గొంతుని పెంచడం కాకుండా గిటార్లలో ఆ భాగం రెండు మూడు డెసిబెల్స్ తగ్గించండి. పై స్థాయి గొంతుకి పోటీ 2–4 కిలోహెర్ట్జ్ దగ్గర, అక్కడ డిస్టార్షన్ గిటార్, సింబల్స్ ఉంటాయి. గిటారిస్టు ఆంప్‌లో ప్రెజెన్స్ నాబ్ కాస్త దించితే గొంతు దానంతట అదే ముందుకొస్తుంది, కానీ ఏ గిటారిస్టూ సంతోషంగా దించడు.

మైక్ కూడా చూడండి. పెదవులు ఆనించి పాడేవారికి కింది స్థాయి ఉబ్బుతుంది, దూరంగా పట్టుకునేవారికి ఆ ఉబ్బు పోయి గొంతు పలచబడుతుంది. కొత్త సింగర్ వేరే రకం మైక్ తెచ్చుకుంటే మానిటర్, అంటే సింగర్‌కి తన గొంతు వినిపించే స్పీకర్, చోటు మారాలి. ముందు నుంచి వచ్చే శబ్దమే ఎక్కువ పట్టే కార్డియాయిడ్ మైక్‌కి మానిటర్ సరిగ్గా వెనక ఉండాలి. ఇంకా ఇరుకుగా వినే సూపర్ కార్డియాయిడ్‌కి వెనక నుంచి కూడా కొంత వినిపిస్తుంది కాబట్టి మానిటర్లని పక్కలకి జరపాలి, లేకపోతే ఫీడ్‌బ్యాక్ కేకలు పెడుతుంది. పాత సింగర్ కంటే మెల్లగా పాడేవారైతే ఏ మైకూ ఆదుకోదు. డ్రమ్మర్ సన్న కర్రలు పట్టాలి, ఆంప్‌లు తగ్గాలి.

సాధన క్రమంలో ఒక సలహా. మొదటి వారం పాత పాటలు అస్సలు ముట్టుకోకండి. సగం తయారైన రిఫ్ ఒకటి ఇచ్చి, దానిమీద సింగర్‌ని సొంతంగా వరస కట్టమనండి. వారి ఊపిరి ఎక్కడ ఆగుతుంది, మాట బీట్ మీద వేస్తారా కాస్త వెనక వేస్తారా, రిఫ్‌తో వెళ్తారా మీదుగా వెళ్తారా, అన్నీ అక్కడే బయటపడతాయి. పాత పాటలతో మొదలుపెడితే వారు పాత గొంతుని అనుకరిస్తారు, మీరు తెలియకుండానే దాన్ని మెచ్చుకుంటారు, ఆరు నెలల తర్వాత కొత్త పాటకి కూర్చున్నప్పుడు ఎవరి గొంతుతో పాడాలో వారికే తెలియదు. పాత పాటలకి వచ్చాక రికార్డింగ్ ఇవ్వకండి, గొంతు లేని ట్రాకూ కాగితం మీద మాటలూ ఇవ్వండి. జనం మీతో కలిసి పాడే పల్లవుల వరసలు మాత్రం కదపకండి, చరణాల్లో ఎంత స్వేచ్ఛైనా ఇవ్వొచ్చు.

కచేరీలో పాటలు ఏ క్రమంలో పాడాలన్నది చివరి విషయం. పట్టికలో పై స్వరాలు ఎక్కువున్న పాటలు రెండుకి మించి పక్కపక్కన పెట్టకండి. మొదటి పాట మధ్య స్థాయిది ఉండాలి, అతి కష్టమైనది సగం దాటిన కాసేపటికి రావాలి, దాని ముందు వాద్యాలు మాత్రమే మోగే రెండు మూడు నిమిషాలు ఉంటే సింగర్‌కి నీళ్లు తాగే సమయం దొరుకుతుంది. మొదటి నాలుగైదు కచేరీలు హాలు మధ్యలోంచి ఫోన్‌తోనైనా రికార్డు చేసి, ఏ పాట తర్వాత గొంతు శ్రుతి కిందికి జారడం మొదలైందో గుర్తుపెట్టండి. మార్చాల్సింది సాధారణంగా ఆ పాట కాదు, దాని ముందున్న పాట.